వార్షిక నివేదిక: గ్రేటా ష్రోడర్ చిత్రాలపై ఈ ఏటి కృషి

గౌరవ సభ్యులకు నమస్కారం.

ఈ ఏడాది సంఘం పని చాలామటుకు ఒక్క నటి చుట్టూనే సాగింది. 1922 నాటి జర్మన్ మూకీ చిత్రం ‘నోస్ఫెరాటు’లో కథానాయకుడి భార్య ఎలెన్‌గా నటించిన గ్రేటా ష్రోడర్ ఆమె. సినిమా చూసినవాళ్లు దర్శకుడు మూర్నౌ గురించీ, రక్తం తాగే పిశాచి వేషం కట్టిన మాక్స్ ష్రెక్ గురించీ మాట్లాడతారు. కథను ముగించే ఎలెన్‌ను మాత్రం పట్టించుకునేవాళ్లు తక్కువ. ‘నోస్ఫెరాటు’ చిత్రీకరణ మీద కథ అల్లి 2000లో తీసిన ‘షాడో ఆఫ్ ది వాంపైర్’లో ఆమెను అప్పటికే పెద్ద తారగా చూపించారు, అది కల్పన.

ష్రోడర్ 1892లో డ్యూసెల్‌డార్ఫ్‌లో పుట్టారు. 1913లో నాటక దర్శకుడు మాక్స్ రైన్‌హార్ట్ తీసిన సినిమాలో కనిపించారు. 1920 నాటి జర్మన్ మూకీ ‘గోలెమ్’లో రాజాస్థానంలో ఒక స్త్రీగా చిన్న పాత్ర వేశారు. 1916 జర్మన్ ‘ఫాంటమ్ ఆఫ్ ది ఒపెరా’కు స్క్రీన్‌ప్లే కూడా ఆమెదే. ఆ సినిమా ప్రింటు నేడు లేదు. మన మూకీ ‘భీష్మ ప్రతిజ్ఞ’కు పట్టిన గతే దానికీ పట్టింది. భర్త ఎర్న్‌స్ట్ మాత్రాయ్ ఇంటిపేరు చేర్చి కూడా ఆమె పేరు వేసేవారు కాబట్టి, పాత జాబితాలు వెతికేటప్పుడు ‘ష్రోడర్-మాత్రాయ్’ని వదలకండి.

ప్రదర్శనకు ముందు ఎక్కువ శ్రమ పడింది వేగం దగ్గర. ‘నోస్ఫెరాటు’ అసలు నిడివి 1967 మీటర్లు. 35 ఎం.ఎం. ఫిల్మ్‌లో మీటరుకు సుమారు 52.5 ఫ్రేములు. సెకనుకు 18 ఫ్రేముల చొప్పున నడిపితే దాదాపు 96 నిమిషాలు. 24 చొప్పున నడిపితే 72 నిమిషాలకే అయిపోతుంది. అలా పరుగెత్తించినప్పుడు నష్టపోయేది ఎక్కువగా ష్రోడరే. ఎలెన్ నిద్రలో నడుస్తూ, ఎక్కడో దూరాన ఉన్న భర్త కోసం చేతులు చాచే ఘట్టంలో ఆమె నటనంతా ఆ నిదానంలోనే ఉంది. అది గంతులేస్తున్నట్టు కనబడితే హాల్లో నవ్వులు తప్పవు. 24 ఫ్రేముల డిజిటల్ ఫైలైతే ప్రతి మూడు ఫ్రేముల్లో ఒక ఫ్రేమును రెండేసి సార్లు వచ్చేలా చేస్తే అసలు వేగం నిలుస్తుంది.

రంగుల సంగతీ అంతే ముఖ్యం. రాత్రి దృశ్యాలను పగటి వెలుగులో తీసి, ఫిల్మ్‌కు నీలం అద్దారు. ఆ అద్దకం లేని నలుపు-తెలుపు కాపీలో పిశాచి పట్టపగలు తిరుగుతున్నట్టుంటుంది. ఎండ సోకితే నశించే అతణ్ణి తెల్లవారేదాకా తన దగ్గరే నిలిపి ఉంచడానికి ఎలెన్ చేసే త్యాగానికి అర్థం ఉండదు. అందుకే 2006 పునరుద్ధరణ కాపీనే ఎంచుకున్నాం. ప్రొజెక్టర్‌ను ‘వివిడ్’ మోడ్‌లో పెడితే నీలం ముదిరి ముఖాలు చీకట్లో కలిసిపోతాయి. ‘సినిమా’ మోడ్ వాడాలి.

మూకీలో మాటలు రాసి చూపే టైటిల్ కార్డులను తెలుగులో చదివే సభ్యుడు కార్డు తెరపై ఉండగానే ముగించాలి. పాఠాన్ని ముందే కార్డు వ్యవధికి తగ్గట్టు కుదించుకోవడం మేలు. పాత అమెరికన్ కాపీల్లో పాత్రల పేర్లు మార్చారు గనుక ఎలెన్ అన్న పేరే కనిపించదు. పాఠాన్ని జర్మన్ కార్డులతో సరిచూసుకోవాలి.

వచ్చే ఏడాది ‘గోలెమ్’ వేయాలని కార్యవర్గం నిర్ణయించింది. టైటిల్ కార్డుల అనువాదానికి జర్మన్ తెలిసిన సభ్యులు ముందుకు రావాలని కోరుతున్నాం.

— కార్యవర్గం