కదిలే బొమ్మ కదులుతూనే ఉండాలంటే

సంపాదకులకు,

బరంపురం ఐటీఐ పిల్లలు పాత ఇనుముతో చేసే బొమ్మలు చూసినవారికి, వీటిలో కొన్నయినా కదిలితే ఎంత బాగుంటుందో అనిపిస్తుంది. ఆ దారిలో ముందు నడిచినవాళ్లలో ఒకడు శిల్పి జాఁ తాంగ్లీ.

ఆయన 1925లో స్విట్జర్లాండ్‌లో పుట్టి, బాజెల్‌లో పెరిగి, దుకాణాల అద్దాల వెనక అలంకరణ చేసే పని నేర్చాడు. 1960 మార్చి 17న న్యూయార్క్‌లో సైకిల్ చక్రాలు, పియానో, స్నానాల తొట్టితో కట్టిన యంత్రం తనను తానే విరగ్గొట్టుకుంటూ అంటుకుంది, ఫైర్ సిబ్బంది ఆర్పాల్సొచ్చింది. లోకం దాన్నే చెప్పుకుంటుంది. మా లెక్కలో అంతకన్నా గొప్పది 1977 నాటి బాజెల్ ఫౌంటెన్. పడగొట్టిన థియేటర్ స్టేజి సామాను భాగాలతో పది బొమ్మలు చేసి, తక్కువ వోల్టేజి కరెంటుతో నీళ్లలో ఆడించాడు. 1991లో ఆయన పోయినా అవి ఇంకా నీళ్లు చిమ్ముతూనే ఉన్నాయి.

ఇక్కడ చేయాలనుకునేవారికి లారీ వైపర్ మోటారు చాలు. 12 వోల్టుల మోటారు ఎంచుకుని 10 ఆంపియర్ల ఫ్యూజు పెట్టండి. నిమిషానికి 45 చుట్లు తిరిగేదానికి 16 పళ్ల చక్రం బిగించి, చైనుతో 48 పళ్ల సైకిల్ చక్రానికి కలిపితే వేగం 15కు దిగుతుంది, చూడ్డానికి హాయిగా ఉంటుంది. నాలుగంగుళాల క్రాంకు (ఇరుసుకు బిగించే తిప్పుడు కడ్డీ) పెడితే చెయ్యి ఎనిమిదంగుళాలు ఊగుతుంది. ఆ 16 పళ్ల చక్రం సైకిల్ ఫ్రీవీల్ అయితే ఒకవైపే పట్టుకుంటుంది. తిరగేసి బిగిస్తే మోటారు తిరుగుతుంది, బొమ్మ కదలదు. వెల్డింగ్ చేసి బిగదీయడమే మంచిది.

ఎక్కువగా పాడయ్యేది మోటారు లోపలి నైలాన్ పళ్లచక్రం. దాన్ని తిప్పే వార్మ్ (మరలాంటి కడ్డీ) వెనక్కి తిరగదు కాబట్టి, గాలి బొమ్మ చేతిని తోసినప్పుడు ఆ బలమంతా ఈ నైలాన్ పళ్లమీదే పడి అవి ఊడిపోతాయి. చేతి బరువు కూడా వాటిమీద పడకుండా అటువైపు సరితూగే బరువు కట్టాలి. తుపాను హెచ్చరిక రాగానే క్రాంకు పిన్ను తీసి, చేతిని దించి కట్టెయ్యాలి. గోపాల్‌పూర్ ఉప్పుగాలికి అడుగు పూతగా వేసే రెడ్ ఆక్సైడ్ ఒక్కటే ఆగదు, పైన ఎనామెల్ రెండు పూతలు వెయ్యాలి. మూసిన పైపుల్లో చేరిన నీళ్లు లోపల్నుంచి తినేస్తాయి. అడుగున 6 మిల్లీమీటర్ల బెజ్జం మరవకండి.

రోజంతా తిప్పితే మే నెల ఎండకి మోటారు కాలిపోతుంది. బటన్ నొక్కితే మూడు నిమిషాలు ఆడి, పది నిమిషాలు ఆగేలా టైమర్ పెట్టాలి.

ఆరంభించిన రోజు ఆడి, మరుసటేడు తుప్పుపట్టి నిలబడే బొమ్మ మనకొద్దు. కూడళ్లలో ఇలాంటివి పెట్టే పురపాలక సంఘాలు, రాయగడ అయినా పర్లాకిమిడి అయినా, అంచనా వేసేటప్పుడే రెండు స్పేర్ మోటార్లు, నెలకోసారి గ్రీజు పెట్టే మనిషి జీతం అందులో రాయాలని మా విన్నపం.

– కొందరు వర్క్‌షాప్ శిక్షకులు, బరంపురం, గంజాం జిల్లా