గోగాన్ బొమ్మల గురించి అమ్మలుకి

యానాం

అమ్మలూ,

ఫ్రెంచ్ చిత్రకారుడు పాల్ గోగాన్ మీద సెమినార్ ఇస్తున్నాననీ, బొమ్మ వేరు మనిషి వేరని చెప్పబోతున్నాననీ అన్నావు. అది ఫోన్లో తేలే విషయం కాదు, అందుకే రాస్తున్నాను.

ఆ రంగులంటే నాకు ప్రాణం. కుక్కకి ఎర్రరంగు వేసినా తప్పు కాదని మా డ్రాయింగ్ మాస్టార్లకి ధైర్యమిచ్చింది ఆయనే.

కానీ 1892లో పసిఫిక్ దీవి తహితీలో వేసిన ఆ బొమ్మ మళ్లీ చూడు. మంచం మీద బోర్లా పడుకున్న పిల్ల, అరచేతులు దిండుకి ఆనించి మనవైపే చూస్తుంది. వెనక నల్లముసుగు మనిషి. పిల్ల దయ్యానికి భయపడిందని గోగాన్ చెప్పుకున్నాడు. ఆమె పేరు తెహామన, ఆయన అక్కడ భార్యగా ఉంచుకున్న పిల్ల. పదమూడేళ్లుంటాయని ఆయనే రాసుకున్నాడు. ఆయనకి నలభై దాటాయి. మరుసటి ఏడు ఆమెని అక్కడే వదిలేసి ఫ్రాన్స్ వెళ్లిపోయాడు.

పదమూడేళ్లంటే నా ఎనిమిదో తరగతి పిల్లలమ్మా! రెండు జడలు, రిబ్బన్లు, స్కెచ్ పెన్నుల కోసం తగువులు. ఆ భయమంతా దయ్యం గురించేనంటే నేను నమ్మలేను.

అప్పట్లో అక్కడి ఆచారం అదేనంటారు. తహితీ 1880 నుంచి ఫ్రాన్స్ వలస. మన యానాం మీదా 1954 దాకా ఆ జెండాయే ఎగిరింది. దొర అడిగితే కాదనగలిగిన ఇళ్లు ఎన్నుంటాయో మన పెద్దవాళ్లని అడుగు.

అలాగని ఆయన ప్రభుత్వం మనిషీ కాదు. మార్క్వెసాస్ దీవుల్లో జనాన్ని పన్నులు కట్టొద్దన్నాడు, అధికారులతో గొడవ పడ్డాడు. జైలు శిక్ష పడితే, అది మొదలుకాకుండానే 1903 మేలో పోయాడు. ఇదీ చెప్పు.

నన్ను ఎక్కువ కలచివేసేది అలీన్. భార్యాపిల్లల్ని కోపెన్‌హేగన్‌లో వదిలేసిన ఈ గోగాన్‌కే ఆమె కూతురు. 1897 జనవరిలో పందొమ్మిదేళ్లకే పోయింది. ఆ కబురు తహితీ చేరేసరికి నెలలు గడిచాయి. ఆ ఏడాది చివర్లోనే, మనం ఎక్కడినుంచి వచ్చాం, ఎవరం, ఎక్కడికి పోతున్నాం అంటూ పన్నెండడుగుల బొమ్మ మొదలుపెట్టాడు. పుస్తకంలో ఆ పేజీ తీస్తే నాకు కన్నీళ్లొస్తాయి. దూరాన కూతురు పోయిన తండ్రి, అక్కడ ఇంకొకరి కూతుళ్లని ఏం చేశాడన్న కోపమూ వస్తుంది.

బొమ్మలు దాచేయమని నేననను. చూపించు. స్లైడ్ మీద ముందు తెహామన పేరు, వయసు రాయి, తర్వాతే రంగుల గురించి మాట్లాడు. మీ సార్ అది అనవసరమంటే గౌరవంగానే వాదించు, వెనక్కి తగ్గకు.

మీ నాన్న