మా సినిమా చూడండి, జవాబు కెమెరాకే చెప్పండి

శ్రీకాకుళం జిల్లా కలెక్టర్ గారికి,

నమస్కారం. మాది కవిటి మండలం. ఉద్దానం కిడ్నీ జబ్బు గురించి మీకు నేను కొత్తగా చెప్పాల్సిందేమీ లేదు, లెక్కలన్నీ మీ దగ్గరే ఉంటాయి. డయాలసిస్ చేయించుకునేవారికి నెలకు 10,000 రూపాయల పెన్షన్ ఉంది. 2023 డిసెంబరులో పలాసలో కిడ్నీ ఆస్పత్రి, పరిశోధన కేంద్రం ప్రారంభమయ్యాయి. హిరమండలం నుంచి వంశధార నీళ్లకు పైపులు వేశారు. కాదనను. ఆ లెక్కల్లోకి రానిదాని కోసం నలభై నిమిషాల డాక్యుమెంటరీ ఒకటి తీశాను.

అందులో ఒక అమ్మ ఉంది. తెల్లారకముందే బస్సెక్కుతుంది. మిషన్ మీద నాలుగు గంటలు. దిగాక కాళ్లు తేలిపోతుంటే బస్టాండులో స్తంభం పట్టుకుని నిలబడుతుంది. రోజుకు ఇంతకు మించి తాగకూడదన్న నీళ్లు చిన్న సీసాలో కొలిచి పెట్టుకుంటుంది. ఎండాకాలం మధ్యాహ్నానికే సీసా ఖాళీ. ఆమె చేతి ఫిస్టులా మీద, అంటే డయాలసిస్ కోసం రక్తనాళాలు కలిపి కుట్టిన చోట, మైకు ఆనిస్తే నెత్తురు పారే చప్పుడు గుయ్యిమని వినిపించింది. హెడ్‌ఫోన్ ఆమెకే పెట్టాను. "ఏటి బాబూ, లోపలింత మోతేటి! రాత్రి నిద్దర పట్టలేదంటే మా ఇంటోళ్లు నమ్మరు" అని నవ్వింది. ఆ మాట ఏ కేస్ షీట్‌లోనూ లేదు.

సినిమా మొదట వాళ్ల అరుగు మీదే, దుప్పటి కట్టి చూపించాను. అంతా చూసి, ఊరి పేరు తీసెయ్యమంది. కూతురికి సంబంధాలు చూస్తున్నారు, కిడ్నీ జబ్బుల ఊరంటే వచ్చేవాళ్లు వెనక్కి తగ్గుతారని భయం. తీసేశాను. ఊరి బోర్డు మీద వాన పడే షాట్ నాకు ప్రాణం, అదీ పోయింది.

తర్వాత పెన్‌డ్రైవ్‌లో పెట్టి ఒక ఆఫీసులో ఇచ్చాను. కవర్లో పెట్టి అర్జీకి పిన్ కొట్టారు. రెండు నెలల తర్వాత వెళ్తే ఆ పిన్ అలాగే ఉంది.

1967లో కెనడాలో ఫోగో ద్వీపంలో జాలర్లను వేరే చోటికి తరలించాలని ప్రభుత్వం చూస్తున్న రోజుల్లో, నేషనల్ ఫిల్మ్ బోర్డు దర్శకుడు కొలిన్ లో (Colin Low) వాళ్ల మాటలను చిన్న చిన్న సినిమాలుగా తీశాడు. ముందు వాళ్లకే చూపించి, ఆ తర్వాత ప్రభుత్వానికి చూపించాడు. మత్స్యశాఖ మంత్రి ఇచ్చిన జవాబునూ ఫిల్ముకెక్కించి ద్వీపానికి తెచ్చారు. జాలర్లు సహకార సంఘం పెట్టుకున్నారు, ఊళ్లు నిలిచాయి. అంతా సినిమా పుణ్యమే అనను గానీ, జవాబు మాత్రం ఊరికి తిరిగొచ్చింది. మా అర్జీలకు లేనిది అదే.

అందుకే అడుగుతున్నాను. అక్టోబర్ 2 గ్రామసభ రోజు సాయంత్రం మా మండలంలో ఏ ఊరికైనా రండి. ప్రొజెక్టర్ నాది. వేదిక వద్దు, జనం మధ్యే కూర్చోండి. అయ్యాక వాళ్లు బస్సు టైము గురించి అడుగుతారు, మిషన్ల గురించి అడుగుతారు, కుళాయి ఏ రోజు వస్తుందో ఏ రోజు రాదో చెప్తారు. మీ జవాబు కెమెరాకు చెప్పండి. "ఇది నా చేతిలో లేదు" అన్నా సరే, ఒక్క ముక్క కోయకుండా మిగతా ఊళ్లలో చూపిస్తాను.

తెర కోసం వెతకక్కర్లేదు. ఆ అమ్మ దుప్పటి ఉతికి పెట్టింది.

ఇట్లు,
కవిటి మండలం నుంచి ఒక కెమెరావాడు