కొన్న ఆటకే దొంగకాపీ

పర్లాకిమిడి,
ఆదివారం పొద్దున్న

ఒరేయ్ సూరీ,

ఉత్తరం ఆలస్యమైంది, కోప్పడకు. రథయాత్ర పనులు, అమ్మ మోకాలి నొప్పి, రేకులు మార్పించడం... అందరం బాగున్నాం. నీ జీడిపప్పు పొట్లం (ఏ పొట్లమో నీకు తెలుసు!) భద్రంగానే ఉంది. అసలు సంగతి విను.

మా అప్ప కొడుకు చంటిగాడు కంప్యూటర్ ఆట కొన్నాడు. రెడ్ డెడ్ రిడెంప్షన్ 2. అప్పట్లో అసలు ధర 3,199 రూపాయలు. సేల్ పెట్టేదాకా కాచుక్కూర్చుని ట్యూషన్ల డబ్బుతో కొన్నాడు. తీరా కొన్నాక అదే ఆటకి దొంగకాపీ తెచ్చుకున్నాడురా! "ఏటిరా ఇది, కొన్నావు కదా" అంటే కాగితం మీద లెక్క వేసి చూపించాడు. ఆటకి 150 జీబీ. ఫోన్లో రోజుకి 1.5 జీబీ. అంటే 100 రోజులు, అదీ ఇంకెవరూ ఆ ఫోన్ ముట్టుకోకుండా! మా వీధికి కేబుల్ నెట్ ఇంకా రాలేదు. మధ్యలో అప్‌డేట్ వస్తే అది అదనం.

బరంపురంలో చదివే వాడి స్నేహితుడు హార్డ్ డిస్కులో ఇచ్చిన కాపీ అంతకి ఎంతో చిన్నది. మనం సీడీల్లో తెచ్చుకున్న ఆటల్లో పాటలు, వీడియోలు కోసేసేవారు కదా, బ్యాక్‌గ్రౌండ్ సంగీతం నువ్వు నోటితో వాయించేవాడివి! ఇప్పుడలా కాదట. దూదిని అదిమి గోనెలో కుక్కినట్టు అంతా ఉంచే కుదిస్తారట. కొన్ని ఆటల్లో మనకక్కర్లేని భాషల మాటలు విడిగా పెడతారు, వదిలేసుకోవచ్చు. కాకపోతే విప్పే భారమంతా మన ప్రాసెసర్ మీదే. రాత్రి అన్నాలయ్యాక మొదలుపెట్టాడు. ఫ్యాను హోరుకి అప్పకి నిద్ర లేదు. తెల్లారగట్ల 90 శాతం దాటింది, గాలివాన, కరెంటు పోయింది. మళ్ళీ మొదటినుంచి! గుంటడి మొహం చూడలేకపోయాన్రా.

ఇంకోటి. యాంటీవైరస్ ఆపమని అడిగిందట ఆ దొంగకాపీ. నా గుండె జారింది. అదే కంప్యూటర్లో అప్ప బ్యాంకు లావాదేవీలన్నీ! పాస్‌వర్డులు లాగేసేవి, మన యంత్రంతో దొంగచాటుగా క్రిప్టో కరెన్సీ (ఆన్‌లైన్ డబ్బు) సంపాదించుకునేవి ఇలాంటి కాపీల్లోనే దూరతాయి. అంతా తీయించేశాను.

చేతిలో డబ్బు లేక ఆ దారి పట్టేవాళ్ళు చాలామందే ఉన్నారు, 3,199 అంటే ఇక్కడ చిన్న మొత్తమా. కానీ వీడు డబ్బిచ్చాడు కదా! చేసినవాళ్ళ కష్టానికి చెల్లించాలనే కొన్నాడు, అందుకే వాడంటే నాకు గౌరవం. స్టీమ్ అనే ఆన్‌లైన్ ఆటల దుకాణం నడిపే వాల్వ్ కంపెనీ అధిపతి గేబ్ న్యూవెల్ 2011లోనే అన్నాడు, పైరసీ చాలావరకు ధర సమస్య కాదు, సేవ సమస్య అని. పోలండ్ వాళ్ళ గాగ్ అనే ఆన్‌లైన్ దుకాణంలో కొంటే కాపీకి అడ్డుపడే తాళం లేని ఇన్‌స్టాలర్ ఇస్తారు, డిస్కులో దాచుకుని మోసుకెళ్ళొచ్చు. అందరూ అలా ఇస్తే...

సరే, నీతో పని. మీ ఇంట్లో ఫైబర్ ఉంది. చంటిగాడి అకౌంటుతో నీ కంప్యూటర్లో ఆట దించి, ఆ ఫోల్డరు మొత్తం డిస్కులోకి ఎక్కించు. ఇక్కడ దాన్ని సరైన చోట పెడితే ఆట కొన్న దుకాణం యాప్ ఫైళ్ళు సరిచూసుకుని, తక్కువైనవే దించుకుంటుందట. 150 జీబీకి మించి ఖాళీ ఉంచు. పక్కింటి మాస్టారు విశాఖ వస్తున్నారు, డిస్కు, ఈ ఉత్తరం ఆయన చేతికే ఇస్తున్నా. పాస్‌వర్డు వాడే ఫోన్లో చెబుతాడు, కాగితం మీద రాయకు. నీ బదిలీ సంగతి అడుగుదామనుకున్నా, ఆయన గుమ్మంలో నిలబడి గుణుపూర్ ప్యాసింజరు వెళ్ళిపోతుందంటున్నారు, ఉంటాను

నీ
రాంబాబు