వార్షిక నివేదిక: పేటలో చట్టం చదివిన ఏడాది

సభ్యులందరికీ నమస్కారం.

ఈ ఏడాది మన సంఘం పనిలో ఎక్కువ భాగం న్యాయవాది, రచయిత బొజ్జా తారకం గారిని చదవడంతోనే గడిచింది. కోనసీమలోని కందికుప్పలో 1939లో పుట్టిన మన ప్రాంతం మనిషి. 1985లో కారంచేడులో దళితుల హత్యలు జరిగాక హైకోర్టులో ప్రభుత్వ న్యాయవాది పదవి వదిలేసిన సంగతి పెద్దవాళ్లకు గుర్తే. ఆయన రాసిన 'పోలీసులు అరెస్టు చేస్తే' నెలనెలా కొంత చదివాం. 2024 జూలై 1 నుంచి పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత వచ్చింది కాబట్టి పాత సెక్షన్ల పక్కన కొత్తవి రాసుకోవాల్సి వచ్చింది. కుర్రాళ్లు ఓపిగ్గా చేశారు.

చర్చంతా 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం నాలుగో సెక్షన్ దగ్గరే ఆగింది. దాని ప్రకారం నోటితో చెప్పిన ఫిర్యాదును పోలీసులు రాసుకుని, చదివి వినిపించి, ఆ తర్వాతే సంతకం తీసుకోవాలి. ఎఫ్‌ఐఆర్ కాపీ ఇవ్వాలి. 60 రోజుల్లో ఛార్జిషీటు వేయాలి. ఎస్సీ, ఎస్టీ కాని అధికారి కావాలని ఇవి చేయకపోతే ఆరు నెలల నుంచి ఏడాది దాకా జైలు. అయితే దానికి ముందు శాఖాపరమైన విచారణ సిఫారసు కావాలట. సొంత శాఖ సిఫారసు చేయాలంటే ఎన్నాళ్లు పడుతుందో మీకే తెలుసు!

కోతలప్పుడు మన పేట కుర్రాణ్ణి కులం పేరుతో తిట్టి కొట్టారు. స్టేషన్‌కు వెళ్తే, "పెద్దల్లో కూర్చుని రాజీ చేసుకోండి" అని పంపేశారు. ఫిర్యాదును రిజిస్టర్డ్ పోస్టులో జిల్లా ఎస్పీకి పంపాకే కేసు కట్టారు. డీఎస్పీ దర్యాప్తు చేస్తున్నారు. అరవై రోజులూ దాటాయి, ఛార్జిషీటు ఇంకా రాలేదు.

ఈ చట్టం కింద నిందితులకు ముందస్తు బెయిల్ ఇవ్వకపోవడం పౌరహక్కులకు విరుద్ధం కాదా అని ఒక సభ్యుడు అడిగారు. న్యాయమైన ప్రశ్నే. ప్రాథమికంగా నేరమే కనపడని కేసుల్లో ఆ నిషేధం వర్తించదని 2020లో సుప్రీంకోర్టు చెప్పింది. అరెస్టయిన నిందితుడు ఎవరైనా 24 గంటల్లో మేజిస్ట్రేట్ ముందు ఉండాల్సిందే. ఈ మాట మనవాళ్లలో కొందరికి నచ్చలేదు. కార్యవర్గం మాత్రం దీనికే కట్టుబడి ఉంది.

మిగతావి మామూలే: అంబేద్కర్ జయంతి, పుస్తకాల పంపిణీ. లెక్కలు కమ్యూనిటీ హాలు గోడకు అంటించాం. సెప్టెంబరు 16న తారకం గారి వర్ధంతి సభ ఉంటుంది. చందా బాకీలున్నవాళ్లు ఆలోపు కోశాధికారికి కట్టి రసీదు తీసుకోండి.

— కార్యదర్శి