వారిని భక్తులని రాయండి

సంపాదక మహాశయులకు,

పశ్చిమ ఆఫ్రికాలోని బెనిన్ దేశంలో ఏటా జనవరిలో జరిగే వూడూ మతస్థుల పండుగ ఫొటో ఒకటి మీ పత్రికలో చూశాను. దాని కింద ‘క్షుద్ర పూజలు’ అని ఉండడం నన్ను చాలా బాధించింది. ఆ దేశం 1990లలోనే ఆ మతాన్ని అధికారికంగా గుర్తించి, ఆ పండుగకు సెలవుదినం ప్రకటించింది.

అక్కడి ఫాన్ ప్రజలు సృష్టికర్తగా కొలిచే మావు-లిసాలో చంద్రుడైన స్త్రీ, సూర్యుడైన పురుషుడు ఒక్కటిగా ఉంటారు. అర్ధనారీశ్వరుడికి మొక్కే మనకు ఇది వింతగా తోచకూడదు. దీక్ష తీసుకున్నవారిని ‘వొదున్‌సి’ అంటారు. దైవానికి భార్య అని ఆ మాటకు అర్థం. దీక్షలో ఉన్నది మగవాడైనా పేరు అదే. ఈ ఒక్క మాట నన్ను ఎన్నో రోజులు వెంటాడింది, ఎందుకంటే నేను స్వలింగ ప్రేమికుణ్ణి, అమ్మవారి భక్తుణ్ణి కూడా.

మే నెలలో తిరుపతి గంగమ్మ జాతరకు మాధవరంలో బస్సెక్కి వెళ్తాను. అక్కడ మగవాళ్లు మొక్కుబడిగా చీర కట్టుకుంటారు. మా అమ్మ మోకాళ్ల మీద కూర్చుని నా కుచ్చిళ్లు సర్దుతుంది, తన గాజులు సబ్బు నురగ రాసి నా చేతికి ఎక్కిస్తుంది, ముఖానికి పసుపు పూసి బొట్టు పెడుతుంది. ఆ పూట వీధిలో పెద్దవాళ్లు సైతం నాకు దణ్ణం పెడతారు. అదే నేను, చెన్నైకి తిరిగొచ్చాక, పెళ్లి చేసుకోనని కారణం చెప్పినందుకు మా బంధువుల ఇంటి గృహప్రవేశానికి పిలుపు లేకుండా మిగిలిపోయాను.

వూడూ ఉన్నచోటల్లా మావంటివారికి నీడ దొరుకుతుందని నేను చెప్పను. పొరుగున ఉన్న టోగోలోనూ ఆ దేవతలనే కొలుస్తారు, అయినా అక్కడి చట్టం స్వలింగ సంబంధానికి జైలుశిక్ష వేస్తుంది. కానీ బానిసలుగా సముద్రం దాటించబడినవారు కరీబియన్ దేశమైన హైతీకి మోసుకెళ్లిన ఆ సంప్రదాయంలో, ఎజిలీ ఫ్రేదా, ఎజిలీ దాంతోర్ అనే దేవతలను స్వలింగ ప్రేమికులు ఎందరో తమను కాచే తల్లులుగా నమ్ముతారు. వారిలో పూజారులైనవారూ ఉన్నారు. ఇంట్లో చోటు లేనివాడికి గుడిలో దొరికిన ఆ చోటు ఎంత విలువైనదో నాకు తెలుసు, అందుకే దాన్ని చేతబడి కింద జమకడితే ఊరుకోలేకపోతున్నాను.

గంగమ్మ జాతర ఫొటో కింద మీరు ‘భక్తులు’ అనే రాస్తారు. వచ్చే జనవరిలో బెనిన్ ఫొటో వేసినప్పుడు కూడా ఆ మాటే రాయవలసిందిగా మనవి.

ఇట్లు,
ఒక పాఠకుడు,
పెరంబూరు, చెన్నై