రోడ్డు వెడల్పులో అద్దె కొట్టువాడి పేరెక్కడ?

సంపాదకుడు గారికి,

రోడ్ల విస్తరణ గురించి ఎక్కడ చదివినా స్థలం యజమానుల గోడే కనిపిస్తోంది. వాళ్ల బాధ నిజమే, కాదనను. కానీ ఆ స్థలాల్లో అద్దెకుండి కొట్టు నడుపుకునే మాబోటివాళ్ల సంగతి ఎవరూ పట్టించుకోవడం లేదు. అందుకే ఈ ఉత్తరం.

నేను టైలర్ని. గోదావరి జిల్లాలో ఒక పట్టణం మెయిన్ రోడ్డు మీద 22 ఏళ్లు ఒకే కొట్టులో బట్టలు కుట్టాను. ఒకరోజు పొద్దున్నే షట్టరు తీద్దామని వెళ్తే పక్క గోడ మీద ఎర్ర రంగుతో బాణం గుర్తు, దాని కింద 12 అని అంకె. నా కొట్టు లోతు 14 అడుగులు. మిగిలే రెండడుగుల్లో కటింగ్ బల్ల మాట అటుంచి, మిషను వేసుకుని కూర్చోవడానికే చోటు చాలదు. నోటీసు యజమాని పేరున వచ్చింది. ఆయన సమ్మతి సంతకం పెట్టి టీడీఆర్ బాండు తీసుకున్నాడు. అంటే పోయిన స్థలానికి డబ్బు బదులు, అదనంగా కట్టుకోవడానికో ఇంకొకరికి అమ్ముకోవడానికో ఇచ్చే నిర్మాణ హక్కు పత్రం. ఆయన్ని నేను తప్పుపట్టను, ఆయన స్థలం పోయింది మరి. నాకు మాత్రం నేను కట్టిన అడ్వాన్సు తిరిగొచ్చింది, అంతే. బడులు తెరిచే ముందు వచ్చే యూనిఫారాల గిరాకీయే మాకు ఏడాది తిండి. ఆ సీజనంతా సామాను మోసుకోవడంతోనే సరిపోయింది. ఇప్పుడు సందులో గది తీసుకున్నాను. పాత ఖాతాదార్లలో చాలామందికి నేనెక్కడున్నానో కూడా తెలియదు.

చట్టంలో మాకు చోటు లేదా అంటే ఉంది. 2014 జనవరి 1 నుంచి అమల్లో ఉన్న భూసేకరణ చట్టం, సొంత స్థలం లేకపోయినా సేకరణకు ముందు మూడేళ్లుగా అక్కడ పనిచేసుకుంటూ దాని మీదే బతికే కుటుంబాన్ని బాధిత కుటుంబంగానే లెక్కిస్తుంది. వ్యాపారం వేరేచోటికి మార్చుకోవలసి వస్తే అందుకయ్యే సహేతుకమైన ఖర్చును పరిహారంలో కలపాలని 28వ సెక్షన్ చెబుతోంది. చోటు కోల్పోయే చిన్న వ్యాపారికి, చేతిపనివాడికి ఒకసారి ఇచ్చే సాయం 25 వేలకు తగ్గకూడదని రెండో షెడ్యూలులో రాసి ఉంది. 2013లో రాసిన ఆ అంకె ఈరోజు ఒక కొత్త కొట్టు అడ్వాన్సుకైనా చాలుతుందా అన్నది వేరే విషయం.

మరి తిరకాసు ఎక్కడుంది? యజమాని సమ్మతితో బాండు ఇచ్చి స్థలం తీసుకుంటే భూసేకరణ నోటిఫికేషన్ అక్కర్లేదు. నోటిఫికేషన్ లేకపోతే అవార్డు (పరిహారం తేల్చే ఉత్తర్వు) లేదు, విచారణ లేదు, బాధితుల జాబితా లేదు. దాంతో అద్దెదారు కాగితాల్లోనే కనిపించకుండా పోతాడు. అప్పుడు మాకు మిగిలేది కోర్టు మెట్లే. నేను వెళ్లిన లాయరు గారు మొదట అడిగినవి అద్దె రసీదులు, ట్రేడ్ లైసెన్సు, కరెంటు బిల్లు. మీటరు యజమాని పేరున ఉంది. అద్దె ఎప్పుడూ చేతికే ఇచ్చాను. 11 నెలల అగ్రిమెంటు ఒకసారి రాసుకుని మళ్లీ తిరగరాయలేదు. మా వరుసలో చాలామంది పరిస్థితి ఇదే. స్టే తెచ్చుకోగలిగినవాళ్లు తెచ్చుకున్నారు. అందుకే ఆ రోడ్డు ఒకచోట వెడల్పుగా, ఇంకోచోట సగం కూల్చిన గోడలతో, బయటకు పొడుచుకొచ్చిన ఇనుప చువ్వలతో అలాగే ఉండిపోయింది. ఆ చువ్వల పక్కనుంచే పిల్లలు బడికి నడుస్తున్నారు.

ఉత్తరప్రదేశ్‌లోని మహారాజ్‌గంజ్‌లో 2019లో రోడ్డు కోసం సరైన నోటీసు లేకుండా ఒక ఇల్లు కూల్చినందుకు, 25 లక్షలు చెల్లించమని సుప్రీంకోర్టు 2024 నవంబరు 6న ఆదేశించింది. రోడ్డు అసలు వెడల్పెంతో రికార్డుల్లో చూడాలి, సర్వే చేయాలి, ఆక్రమణ ఉంటే నోటీసు ఇచ్చి అభ్యంతరాలు వినాలి, ఆక్రమణ కాకపోతే చట్టప్రకారం సేకరించాలి అని రాష్ట్రాలన్నిటికీ వర్తించేలా చెప్పింది. యజమానులకు ఇది పెద్ద అండ. అద్దె కొట్లవాళ్ల సంగతి కూడా ఇంత వివరంగా మన ప్రభుత్వాలే ఒక జీవోలో పెట్టవచ్చు.

నేను కోరేది ఇది. గోడ మీద ఎర్ర గుర్తు వేసేరోజే లోపల ఎవరు ఏ వ్యాపారం చేస్తున్నారో, ఎన్నేళ్లుగా చేస్తున్నారో ఫొటోతో సహా నమోదు చేయాలి. రసీదు లేనివాళ్లకు ఇరుగుపొరుగు కొట్లవాళ్ల వాంగ్మూలం సరిపోవాలి. యజమానికి బాండు ఇచ్చినచోట కూడా అద్దెదారుకు రెండో షెడ్యూలు సాయం అందాలి. మున్సిపల్ షాపింగ్ కాంప్లెక్సుల్లో ఖాళీగా ఉన్న గదులకు వేలం పెట్టేముందు కొట్టు పోయినవాళ్లను పిలవాలి. మా పట్టణంలో అలాంటి గదులు తాళాలు వేసి ఉన్నాయి. నేను రోజూ వాటి ముందునుంచే సందులోని గదికి వెళ్తున్నాను.

ఇట్లు,
ఒక టైలరు, గోదావరి జిల్లా